ఐదో జ్వరం

ఈ మాట ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు. డైరీలో కూడా రాసుకోలేదు. చిన్నప్పుడు నాకు పురుగుమందు వాసన ఇష్టం.

మాది తెనాలి దగ్గర వరి పండే ఊరు. నాన్న పొలంలో మందు కొట్టి సాయంత్రం ఇంటికి వచ్చేవాడు. ఆయన కంటే ముందు ఆ వాసన వాకిట్లోకి వచ్చేది. ఘాటుగా ఉండేది, ఎక్కడో అడుగున కొంచెం తీపి. అది తగిలిందంటే నాన్న వచ్చేసినట్టే. చదువుతున్న పుస్తకం పక్కన పడేసి పరుగెత్తి వెళ్లి ఆయన చొక్కాకి ముఖం ఆనించేదాన్ని. "ఉండవే, ఆయన్ని స్నానం చెయ్యనీ" అని అమ్మ కసిరేది. అంతకంటే ఎవరూ ఏమీ అనేవారు కాదు.

ఇప్పుడు విజయవాడలో ఒక ప్రెస్సులో ప్రూఫులు దిద్దుతాను. నలుగురిలో నోరు విప్పడం నాకు కష్టం కాబట్టి ఆ పని నాకు బాగా కుదిరింది. హాస్టల్లో నా గదిలో ఉండే నాగమణిది పెనుకొండ దగ్గర పల్లె. వాళ్ల ఇంట్లో పట్టుపురుగులు పెంచుతారు. "పట్టు యాడ పుడతాదో సూపిస్తా రా" అని రెండేళ్లుగా పిలుస్తోంది. ఈసారి వరసగా సెలవులు కలిసొచ్చాయి. వెళ్లాను.

హిందూపురం

మా రైలు మొదట ధర్మవరం, తర్వాత పెనుకొండ దాటి హిందూపురం చేరుతుంది. చూడాల్సిన రెండు ఊళ్లనీ కిటికీలోంచి చూసి వదిలేసి చివరిదాకా పోయాం. ఆ పొద్దు నాగమణి వాళ్ల నాయన నరసింహప్ప గారు పట్టుగూళ్లు అమ్మడానికి హిందూపురం మార్కెట్టుకు వచ్చి ఉన్నారు. ఆయనతో కలిసి వెనక్కి ఊరికి పోవాలని మా ఆలోచన.

స్టేషన్ బయట బండి దగ్గర ఉగ్గాని, మిరపకాయ బజ్జీ తిన్నాం. ఉగ్గాని అంటే తడిపిన బొరుగులకు పెట్టిన తాలింపు. మావైపు వీటిని మరమరాలంటాం, పొద్దుపోక నములుతాం. ఇక్కడ అదే పొద్దుటి తిండి. బండి ఆయన మాతో తెలుగులో మొదలుపెట్టి, పక్క మనిషితో కన్నడంలోకి మారి, లెక్క దగ్గరికి వచ్చేసరికి రెండూ కలిపేశాడు. "చిల్లర దుడ్లు ఇయ్యి పాపా, నోటైతే నేను యాడ తెచ్చేది?"

మార్కెట్టులో ట్రేల నిండా తెల్లటి గూళ్లు. కొనేవాళ్లు గుప్పెడు తీసుకుని చెవి దగ్గర పెట్టి ఊపుతున్నారు. లోపలి పురుగు కదిలి గలగలమంటే గూడు పక్వానికి వచ్చిందని అర్థం. నేనూ ఒకటి తీసుకుని ఎవరూ చూడకుండా ఊపి విన్నాను. చిన్న గింజ దొర్లినట్టు వినిపించింది.

నరసింహప్ప గారి ట్రేల దగ్గర మాత్రం ఎవరూ ఎక్కువసేపు నిలబడలేదు. ఒకాయన గూటిని వేళ్ల మధ్య నొక్కి, "ఏనప్పా, ఇంత మెత్తగ ఉండాది? పురుగుకు ఏం తినిపించినావు?" అన్నాడు.

"నేను మంచి ఆకే తినిపించినా. పక్క టమోటా తోటాయన మందు కొట్టిన నాడు గాలి ఇట్ల తిరిగినాది. సగం పురుగులు ఆ దినమే పోయినాయి."

"గాలి మీద కేసు పెట్టు మరి" అన్నాడాయన. చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. నరసింహప్ప గారు కూడా నవ్వారు. మంచి గూళ్లకు పలికిన ధరలో సగానికి కొంచెం పైన ఆయన సరుకు పోయింది.

అప్పుడే ఆయనకు ఇంటినుంచి ఫోన్ వచ్చింది. "నాలుగో జ్వరమా? అన్నీ కూర్చున్నాయా? ఎవరినీ లోపలికి రానీవాకు" అని ఆందోళనగా చెబుతున్నారు. నాకు అర్థమైంది ఇంట్లో పిల్లలెవరికో జ్వరం తిరగబెట్టిందని. అడగడానికి మొహమాటం. బస్సు ఎక్కేముందు వాళ్లు నీళ్ల సీసా కొంటుంటే నేను పక్కనున్న మందుల షాపులో జ్వరం బిళ్లల అట్ట ఒకటి కొని బ్యాగులో వేసుకున్నాను.

పెనుకొండ దారిలో

పెనుకొండలో బస్సు దిగి ఆటో మాట్లాడుకున్నాం. కోట ఉన్న కొండ ఊరి మీదికి వంగి చూస్తున్నట్టు ఉంటుంది. ఒకచోట పచ్చికలో కుంభకర్ణుడి పెద్ద బొమ్మ పడుకుని ఉంది. నాగమణి దాన్ని చూపించి, "ఆయప్పకు ఎన్నో జ్వరమో" అంది. తండ్రీ కూతురూ నవ్వుకున్నారు. నాకు ఆ హాస్యం అందలేదు.

ఇంటికి చేరగానే వాళ్లమ్మ సరోజమ్మ గారు ఎదురొచ్చారు. నేను బిళ్లల అట్ట తీసి ఆమె చేతిలో పెట్టి, "పిల్లలకి జ్వరమని విన్నాను" అన్నాను. ఆమె అట్టనీ నన్నూ మార్చి మార్చి చూసింది.

"పిల్లోల్లకు కాదు పాపా, పురుగులకు" అని కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "ఇన్ని వేల పురుగులకు ఒగ అట్ట యాడ సాలతాది?"

అప్పుడు తెలిసింది. పట్టుపురుగు పెరిగే లోపల నాలుగు సార్లు తిండి మానేసి, తల పైకెత్తి, కదలకుండా ఉండిపోతుంది. పాత తోలు వదిలి కొత్త తోలుతో లేస్తుంది. ఆ నిద్రనే ఇక్కడ జ్వరం అంటారు. జ్వరానికి కూర్చున్న పురుగును ముట్టకూడదు, ఆకు వేయకూడదు, దగ్గర గట్టిగా మాట్లాడను కూడా మాట్లాడరు. నాలుగో జ్వరం నుంచి లేచాక మాత్రం వారం పాటు రాత్రీ పగలూ తింటుంది. అప్పుడు ఇంటిల్లిపాదీ చాలరు, కూలికి ఆడవాళ్లను పిలుస్తారు.

బిళ్లలు నా బ్యాగులోకే తిరిగి వచ్చాయి.

సున్నపు గీత

పురుగుల ఇల్లు అసలు ఇంటికి వెనక, మల్బరీ తోట పక్కన ఉంది. గుమ్మానికి ముందు నేలమీద సున్నం పొడితో అడ్డంగా మందపాటి గీత గీశారు. కాళ్లు కడుక్కుని, ఆ సున్నం తొక్కి లోపలికి పోవాలి. పౌడరు రాసుకున్నవాళ్లు, అగరొత్తి వెలిగించినవాళ్లు, పొగాకు ముట్టినవాళ్లు దాటకూడదు. నేను గీత దగ్గరికి వెళ్లగానే సరోజమ్మ గారు ముక్కు ఎగబీల్చారు.

"ఏం రాసుకున్నావు పాపా?"

రైల్లో దోమలని క్రీము రాసుకున్నాను. ఆ మాట చెప్పగానే ఆమె రెండడుగులు వెనక్కి వేసింది. "ఈ పొద్దుకు రావాకు. రేపు తలకు పోసుకోని వద్దువులే."

అంత దూరం వచ్చి బయట నిలబడ్డాను. నాగమణి మాత్రం కాళ్లు కడుక్కుని లోపలికి పోయింది.

గీతకు ఇవతల, కాస్త దూరంలో ఒక రాతి మీద ఇంకో మనిషి కూర్చుని ఉంది. పేరు గంగమ్మ. ముప్పై ఐదు దాటి ఉండవు. ఎదురుగా మల్బరీ తోటకూ పక్క టమోటా తోటకూ మధ్య గట్టు పొడవునా పాత చీరలు కట్టి ఉన్నాయి. మందు గాలి ఇటు రాకుండా సరోజమ్మ గారు కట్టించిన అడ్డు అది. గాలి వీచినప్పుడల్లా చీరలన్నీ ఇటువైపే ఉబ్బుతున్నాయి.

"ఆ ఆకుపచ్చది నాదే" అంది గంగమ్మ. "నీకు గూడా లోపలికి లేదా? కూర్చో. ఇద్దరం కావలి కాద్దాం."

పక్కన కూర్చున్నాను. కొత్తవాళ్లతో నాకు మాటలు దొరకవు, ఆమెకు అక్కర్లేదు. భర్త బెంగళూరులో కట్టడాల పనికి పోయాడు. పిల్లలిద్దరూ హాస్టల్లో చదువుతున్నారు. పోయిన ఏడాది వరకు ప్రతి పంటకూ నాలుగో జ్వరం లేచాక ఈ పురుగుల ఇంట్లో పని ఆమెదే. నీడ పట్టున పని, రెండు పూటలా సంగటి, వేరుశనగ పచ్చడి. దాన్ని ఇక్కడ చెనిక్కాయల ఊరిబిండి అంటారు. కానీ ఆ పని నెలకు ఒక వారమే. టమోటా తోట కౌలుకు తీసుకున్నాయన ఏడాదంతా పిలుస్తాడు. అక్కడ నీళ్లు మోయాలి, మందు కలపాలి, ఒక్కోసారి డబ్బా వీపున వేసుకుని కొట్టాలి.

"మందు ముట్టినోల్లను ఈడికి రానీరు. ఒంటి మీద గాలి తగిలినా పురుగు సచ్చిపోతాది. సరోజక్కది తప్పేం లేదు" అంది. "ఆ పని ఇడిసిపెట్టి, ఒల్లు సుబ్బరంగా కడుక్కోని వస్తే ఈసారి రానిస్తానన్న్యాది. ఇడిసిపెట్టినా. నిన్న కౌలాయన వచ్చి ఈ ఒగ దినం రమ్మన్న్యాడు. పోకుంటే మల్లా పిలవడని పోయినా. ఇంగ యేం సెప్పాల అక్కతో అని కూర్చోనుండా."

అప్పుడు నాకు ఆ వాసన తెలిసింది. చెప్పాను కదా, నేను దాన్ని ఎక్కడున్నా గుర్తుపడతాను. ఆమె రవిక వీపు భాగం తడి ఆరి చారలు కట్టి ఉంది.

"మా నాన్న కూడా మందు కొడతాడు" అన్నాను. ఎందుకన్నానో తెలియదు.

"ఇప్పటికీనా? చేతులు వణుకుతాయా?"

మా నాన్న టీ గ్లాసు రెండు చేతులతో పట్టుకుంటాడు. వయసు మీద పడిందని మేమంతా అనుకుంటాం. "వయసు అక్కా" అని ఆమెకూ అదే చెప్పాను. ఆమె నా ముఖంలోకి చూసింది. ఆమె చేతులు ఒళ్లో ఉన్నాయి. అవీ వణుకుతున్నాయి.

కొంచెం సేపటికి, "తల పగిలిపోతాండాది పాపా. నీ దగ్గర ఏమన్నా బిళ్ల ఉండాదా?" అంది. పురుగుల కోసం కొన్న బిళ్ల తీసిచ్చాను. నీళ్లతో మింగింది. మింగిన వెంటనే అంతా కక్కేసింది. ముఖం నిండా చెమట, నోటి చివర చొంగ. ముఖం తుడుద్దామని గడ్డం పట్టుకుని ఎత్తాను. కంటిపాప గుండుసూది మొనంతే ఉంది.

నేను గట్టిగా అరిచే మనిషిని కాను. ఆ పొద్దు అరిచాను. జ్వరంలో ఉన్న పురుగుల దగ్గర ఎవరూ గొంతు పెంచరని తెలిసే అరిచాను.

సరోజమ్మ గారు గుమ్మంలోకి వచ్చారు. ఆమెకు చూడగానే అర్థమైంది, కానీ గీత దగ్గర ఆగిపోయారు. గంగమ్మను ముట్టుకుంటే ఆమె ఇక పురుగుల ఇంట్లోకి పోకూడదు. మర్నాడు పురుగులు లేస్తాయి. పోయిన పంట ఎట్లా పోయిందో హిందూపురంలో చూసి వచ్చాను. ఆమె గీత వైపు చూసింది, వెనక ఉన్న కూతురి వైపు చూసింది.

"ఆకు కోయించుకో. గాలి ఆడేట్లు సూసుకో. నేనింగ రాను" అని నాగమణితో చెప్పి గీత దాటి ఇవతలికి వచ్చింది. బోరు దగ్గర గంగమ్మను కూర్చోబెట్టి, ఆ బట్టలు తీసేసి, తన చేతులతోనే సబ్బు రుద్ది బిందెల కొద్దీ నీళ్లు పోసింది. తన చీరే ఒకటి చుట్టింది. నరసింహప్ప గారు ఆటో తెచ్చేసరికి మేం ముగ్గురం తయారుగా ఉన్నాం.

ఆస్పత్రి

పెనుకొండ ఆస్పత్రిలో డాక్టరు త్వరగానే చూశాడు. ఏ మందు, ఎంతసేపు కొట్టింది, చేతులకు తొడుగులున్నాయా అని అడిగాడు. తొడుగుల మాటకు గంగమ్మకు ఆ స్థితిలో కూడా నవ్వు వచ్చింది. సూదులు వేసి, సెలైన్ పెట్టి, ఆ పూటంతా కదలకూడదన్నాడు. మధ్యాహ్నం దాటాక చెమట తగ్గింది.

పక్క మంచం మీది పెద్దావిడ అంతసేపూ మమ్మల్నే చూస్తోంది. గంగమ్మ కళ్లు తెరవగానే అందుకుంది. "ఏం కష్టమొచ్చిందని మందు తాగినావమ్మా? పిల్లోల్లు గుర్తుకు రాల్యా?"

"తాగల్యాక్కా" అంది గంగమ్మ. "మోసినా."

"అందరూ అట్లే అంటారులే. మొగుడు కొట్టినాడా?"

"తాగల్యా అంటాండా గదా. మోసినా."

పెద్దావిడ నమ్మలేదు. బత్తాయి పండు ఒకటి మంచం మీద పెట్టి, ఇంకెప్పుడూ అట్లాంటి పని చేయనని ఒట్టు పెట్టమంది. గంగమ్మ కొంచెంసేపు పైకప్పు వైపు చూసి, అలసిపోయి, ఒట్టు పెట్టింది. రోజంతా అచ్చుతప్పులు వెతికి దిద్దే ఉద్యోగం నాది. ఆ ఒక్క మాటను దిద్దడం నా చేత కాలేదు.

సాయంత్రం గంగమ్మ సరోజమ్మ గారి చెయ్యి పట్టుకుంది. "రేపు పురుగు లేస్తాది. నన్ను రానీ అక్కా. ఆకు కోసేదానికన్నా రానీ. ఇంగ ఆ మందు జోలికి పోను."

సరోజమ్మ గారు ఆమె చెయ్యి విదిలించలేదు, రమ్మని కూడా అనలేదు. "పండుకో" అంది, అంతే.

ధర్మవరం

మర్నాడు ధర్మవరంలో పట్టుచీరలు నేసే వాళ్ల చిన్నమ్మ ఇంటికి నాగమణి నాతో రాలేకపోయింది. వాళ్లమ్మ బయట ఉండిపోయింది కాబట్టి పురుగుల ఇల్లు ఆమె మీదే పడింది. గంగమ్మ ఒంటి మీది మందు కడిగింది నేను కాదు కాబట్టి, తలకు పోసుకుని, బట్టలు మార్చి, సున్నం తొక్కి ఒక్కసారి లోపలికి వెళ్లాను. తట్టల నిండా పురుగులు తలలెత్తి ఉన్నాయి. వేల ప్రాణాలున్న గది అంత నిశ్శబ్దంగా ఉండగలదని నాకు తెలియదు. నాగమణి నా చెవి దగ్గర గుసగుసగా, "చిన్నమ్మ బస్టాండుకు వస్తాది. భయపడాకు" అంది.

నా అంతట నేను ఒంటరిగా బస్సెక్కడం అరుదు. పక్క సీట్లో బత్తలపల్లి పోయే ఒక అవ్వ కూర్చుంది. "యాడికి పోతాండావు పాపా? ఒగదానివేనా?" అని మొదలుపెట్టి, ఊరు దాటే లోపల నా జీతం, కులం, పెళ్లి సంగతి అన్నీ అడిగేసింది. తర్వాత కొంగు ముడి విప్పి ఉడకబెట్టిన చెనిక్కాయలు నా చేతిలో పోసింది. "భూమి లోపల కాసింది లే. దీనికి మందు తగల్లేదు, తిను" అంది. ఆమెకు నా సంగతి ఏమీ తెలియదు. ఇక్కడ ఎదుటి మనిషికి తిండి పెట్టేటప్పుడు అనే మామూలు మాట కావచ్చు.

నాగమణి వాళ్ల చిన్నమ్మ ఇంట్లో ముందు గది మొత్తం మగ్గమే. చిన్నాయన గుంటలో కాళ్లు పెట్టుకుని నేస్తున్నారు. ముదురు ఎరుపు మీద ఆకుపచ్చ అంచు పెరుగుతోంది. ఓళిగలు పెట్టి పైన నెయ్యి వేశారు. మావైపు వాటిని బొబ్బట్లంటాం, ఇంత పల్చగా చేయం. ఆ చీర ధర చిన్నమ్మ చెబితే నా రెండు నెలల జీతం అయింది. నేసినందుకు ఇంటికి మిగిలేది వేరే లెక్క అని ఆమే అంది.

ఇంకా రంగు వేయని పట్టు దారపు చుట్ట, వాళ్ల మాటలో చిలప, ఒకటి చిన్నాయన నా చేతికిచ్చారు. "వాసన సూడు పాపా. ఏమన్నా ఉండాదా?"

ముక్కు దగ్గర పెట్టుకున్నాను. ఏమీ లేదు. ఈ దారం పుట్టిన చోటికి ఏ వాసన రాకుండా ఎంతమందిని బయట నిలబెట్టారో నేను చూసి వచ్చాను. నన్ను ఒక్క పూట నిలబెట్టారు. పురుగు ఒక్క రోజులో చచ్చి చూపిస్తుంది కాబట్టి దానికోసం గీత గీశారు. మనిషి అట్లా ఒక్కరోజులో చావడు. చేతులు వణుకుతాయి, వయసనుకుంటాం.

మూడో రోజు సాయంత్రం రైలు కోసం ధర్మవరం స్టేషన్లో కూర్చుని ఉండగా నాగమణి ఫోన్ చేసింది. దాని గొంతు వెనక జోరుగా చప్పుడు.

"వాన పడుతోందా?" అన్నాను.

"వాన కాదే. లేచినాయి. ఆకు తింటాండాయి" అని ఫోన్ పురుగుల వైపు పట్టింది. తర్వాత బయటికి వచ్చి వాళ్లమ్మకు ఇచ్చింది.

గంగమ్మ సంగతి అడిగాను. "మా వాకిట్లోనే మంచమేసి పండబెట్టినా" అన్నారు సరోజమ్మ గారు. "పురుగులకు నాలుగే జ్వరాలు. దీనికి ఐదోది వచ్చిందనుకున్యా. జ్వరానికి కూర్చున్న దాన్ని కదిలించగూడదు గదా. వారం కూలి ఎట్ల ఇచ్చేదో అట్లే ఇస్తా. కౌలాయన పిలిసేదానికి వచ్చినాడు. మా వాకిట్లో గూడా ఒగ గీత గీసినా, ఆడనే నిలబెట్టి చెప్పినా, జ్వరంలో ఉండాది, లేచినంక సూద్దాంలేప్పా అని."

"తర్వాత?"

"ఏడాదంతా పని నేను యాడ తెచ్చేది పాపా" అంది. "ఈ వారం మటుకు ఆ తోటకు పోయేది లేదు. ఉండు, ఫోను దానికి ఇస్తా."

రైలు వస్తోందని మైకులో చెబుతున్నారు. జనం లేచి బ్యాగులు అందుకుంటున్నారు. గంగమ్మ గొంతు నీరసంగానే ఉంది, కానీ అందులో నవ్వు ఉంది. సరోజక్క తనను కాలు కింద పెట్టనీయడం లేదని, ఊరంతా వచ్చి పురుగును చూసినట్టు చూసి పోతున్నారని చెప్పింది. ఆకుపచ్చ చీర ఇంకా గట్టు మీదే ఉందంట. నేను ఇంటికి పోతున్నానని చెప్పాను. హాస్టలుకు కాదు, ముందు మా ఊరికి అని కూడా చెప్పాను.

"మీ నాయన్ని గూడా ఒగ జ్వరం కూర్చోబెట్టు పాపా."